పొందు నష్టం, పోరు లాభం: రాపిడిసీమ మీద వచ్చిన ఉత్తరాలకి అక్క జవాబులు

పోయిన సంచికలో తిరుపతి బైరాగిపట్టెడ తమ్ముడి ప్రశ్న వేసి జవాబు రాయకుండా వదిలేసినా. చోటు ఉండింది, నాకే జవాబు తోచలేదు. మీరేమంటారో రాయండి అని అడిగితే చిత్తూరు, పలమనేరు, పుత్తూరు నుంచి ఉత్తరాలు వచ్చినాయి. అందుకే ఈసారి వంటల ప్రశ్నలు, అత్తాకోడళ్ల ప్రశ్నలు వచ్చే నెలకి పెట్టి దీని మీదే కూర్చున్నా. పోయిన సంచిక చూడని వాళ్ల కోసం ఆ తమ్ముడి ఉత్తరం మళ్లీ వేస్తున్నా.

ప్రశ్న: అక్కా, నేను తిరుపతిలో డిగ్రీ సెకండియర్. రెండేళ్లుగా ఒక ఫాంటసీ నవల రాస్తున్నా. దాంట్లో రాపిడిసీమ అని ఒక దేశం. ఆడోళ్ల నమ్మకం ఏందంటే, లోకం పుట్టిందే రెండు బండరాళ్లు రాసుకున్నప్పుడు లేచిన నిప్పురవ్వలోంచి, కాబట్టి రాపిడి ఆగిన రోజు లోకం ఆరిపోతుంది. పిల్లోడు మొదటిసారి ఎవరితోనైనా కొట్లాడినాకే వాడికి పేరు పెడతారు. పెళ్లిలో తలంబ్రాల బదులు మొగుడూ పెళ్లాం కర్రసాము చేస్తారు. సంధి అనే మాట వాళ్ల భాషలో బూతు. వాళ్ల గురువుల్ని సానరాళ్లు అంటారు. మన 'పోరు నష్టం, పొందు లాభం' సామెతని తిప్పి 'పొందు నష్టం, పోరు లాభం' అని వాళ్ల గుడి గడప మీద చెక్కించినా. చదివిన ఫ్రెండ్స్‌లో ఇద్దరు, ఏందిరా ఇది కామెడీ విలన్ల డైలాగుల్లా ఉన్నాయి అని నవ్వినారు. ఇంకొకడు మాత్రం ఇదే కరెక్ట్ కదరా, మనమూ ఇట్లే బతకాలి అని సీరియస్‌గా తిరుగుతాండాడు. ఒకే పుస్తకం ఇద్దరికి నవ్వు, ఒకడికి వేదం ఎట్లయింది? వాళ్ల సిద్ధాంతం నమ్మేటట్టు రాయాలి, కానీ నేనే దాన్ని నెత్తిన పెట్టుకున్నట్టు ఉండకూడదు. ఏం చెయ్యమంటావు?

జవాబు: తమ్ముడూ, నీ నిప్పురవ్వ కథ నాకు చాలా నచ్చింది, ముందు అది చెప్పేస్తా. నచ్చింది ఎందుకంటే దాంట్లో నిజం ఉంది. సాన పడితేనే కత్తికి పదును, చిలికితేనే వెన్న, ఇద్దరు గట్టిగా వాదించుకుంటేనే మాట తేలుతుంది, ఇవి మన ఇళ్లల్లో ఎవరైనా ఒప్పుకునేవే. దాదాపు 2500 ఏళ్ల కింద ఇప్పటి టర్కీలో ఉన్న ఎఫెసస్ అనే ఊళ్లో హెరాక్లిటస్ అని ఒక గ్రీకాయన ఉండేవాడు, అన్నిటికీ తండ్రి యుద్ధమే అని ఆయన కూడా అన్నాడు. ఐతే ఆయనే ఇంకో మాట చెప్పినాడు, విల్లుని చూడు, మన వీణ లాంటి వాళ్ల తీగల వాయిద్యాన్ని చూడు, రెండు పక్కలకీ లాగి కట్టినారు కాబట్టే కదా అది పనిచేస్తాంది అని. నాకు అర్థమైనంతలో ఆయన చెప్పేది బిగువు గురించి, తెగేదాకా లాగడం గురించి మాత్రం కాదు. మీ సానరాళ్లు మొదటి మాట పట్టుకుని రెండోది జారవిడిచినోళ్లు అనుకో, అప్పుడు వాళ్లు కామెడీగా ఉండరు, ఎందుకంటే సగం నిజం చెప్పేవాడిని ఎదుర్కోవడం కష్టం, మొత్తం అబద్ధం చెప్పేవాడిని నవ్వి పంపించేయొచ్చు.

పాలసముద్రం కథనే తీసుకో. వాసుకిని తాడు చేసి తలపక్క రాక్షసులు, తోకపక్క దేవతలు లాగినారు, లక్ష్మీదేవి వచ్చింది, కామధేనువు వచ్చింది, ఆఖర్న అమృతం వచ్చింది. మీ సానరాయి ఎవడైనా ఈ కథ పిల్లోళ్లకి చెప్తే ఇంతే చెప్తాడు, చూసినారా, లాగితేనే వచ్చింది అంటాడు. హాలాహలం వచ్చిన సంగతి నోరెత్తడు. ఆ విషం మింగి గొంతులో పెట్టుకున్నది తాడు పట్టుకుని లాగినోళ్లల్లో ఒక్కరూ కాదు అనేది అసలే చెప్పడు. నువ్వు పంపిన ముప్పై పేజీలు రెండుసార్లు చదివినా, రాపిడిసీమలో ఆ విషం ఎవరు మింగతాండారో నాకు కనపళ్లేదు. యుద్ధాలు ఉన్నాయి, గాయాలు లేవు. గెలిచినోడి పాట ఉంది, ఏటి గట్టున కూర్చుని నెత్తురు మరకల బట్టలు ఉతికే మనిషి లేదు. నీ పుస్తకం ఇద్దరికి నవ్వు, ఒకడికి వేదం అయింది ఇందుకే అని నా నమ్మకం. నొప్పి ఎవరిదో కనపడకపోతే, నమ్మనోడికి అది ఆటబొమ్మల కొట్లాట, నమ్మినోడికి ఖర్చు లేని గొప్పతనం.

వీలుంటే ఒక ఆదివారం పుంగనూరు, పలమనేరు పక్క తిరిగి వీరగల్లులు చూసి రా. పోట్లాటలో పోయిన వీరుల కోసం మన దక్షిణాది పల్లెల్లో ఎన్నో చోట్ల నిలబెట్టిన రాళ్లు అవి, కొన్నిటి మీద కత్తి పట్టుకున్న మనిషి ఒక్కడే ఉంటాడు, కొన్ని మూడంతస్తులుగా చెక్కి ఉంటాయి, కింద పోట్లాట, మధ్యలో అప్సరసలు వాణ్ణి ఎత్తుకుపోవడం, పైన స్వర్గంలో శివలింగం పక్కన వాడు. సంఘర్షణని కొలిచే సిద్ధాంతం అంటే ఏందో ఒక్క రాయిలో ఉంది, చచ్చిపో, పైకి పోతావు అని. కానీ శాసనం చదివించుకుంటే చాలా చోట్ల వాడు చచ్చింది ఆవుల కోసం. పక్క ఊరోళ్లు మంద తోలుకుపోతే వెనక్కి తేబోయి పడిపోయినోడు. ఎంత పెద్ద స్వర్గం చెక్కినా కింద ఉండేది పాలిచ్చే గొడ్లు. రాపిడిసీమలో ఆ ఆవులేవి? ఇనుము గనా, ఉప్పా, ఏటి నీళ్లా? ఏదో ఒకటి ఉండాలి, దాని పేరు సానరాళ్లు ఎప్పుడూ ఎత్తకూడదు, చదివేవాడికి మాత్రం తెలిసిపోవాలి. ఇంకో సంగతి, అట్లా చచ్చినోడి ఇంటికి భూమి రాసిచ్చిన శాసనాలు కూడా ఉన్నాయి. అంటే ఆ కాలంలో వీరుణ్ణి మోసినోళ్లకి కూడా వాడి వెనక ఒక ఇల్లుంది, దాంట్లో తినే నోళ్లున్నాయి అని తెలుసు, లెక్క కట్టినారు. మీ వాళ్లు కడతారా? నువ్వు ఏది రాసినా నాకు సమ్మతమే, కానీ ఒకటి రాయి, ఎందుకంటే ఆ సిద్ధాంతం ఎంత క్రూరమైందో తేల్చేది యుద్ధం సీన్లు కాదు, ఈ లెక్కే.

ఇట్లాంటి సిద్ధాంతం నిజంగా ఎవరైనా చెప్పినారా అంటే, చెప్పినారు, అదీ చదువుకున్నోళ్లు, కవులు, బొమ్మలేసేవాళ్లు. 1909 ఫిబ్రవరి 20న పారిస్ పేపర్ ఒకదాంట్లో మారినెట్టి అనే ఇటలీ కవి ఒక ప్రకటన వేయించినాడు, పాతవన్నీ పడగొట్టాలి, లోకాన్ని శుభ్రం చేసేది యుద్ధం ఒక్కటే అని. దాని వెనక మంచి మంచి కళాకారులు నడిచినారు. అయిదారేళ్లల్లో నిజం యుద్ధం వచ్చింది, వాళ్లల్లో చాలామంది ఇష్టపడి సైన్యంలో చేరినారు. వాళ్లల్లో పేరుమోసిన బొమ్మల మనిషి బొచ్చోని 1916లో సైన్యంలో ఉండగా గుర్రం మీద నుంచి పడి పోయినాడు, కొత్త నగరాలు గీసిన శాంత్ ఎలియా అనే కుర్రాడు అదే సంవత్సరం యుద్ధంలో పోయినాడు, ఆయన గీసిన మేడల్లో దాదాపు ఏవీ కట్టనే లేదు. ప్రకటన రాసినాయన మాత్రం బతికే ఉన్నాడు, ఆ తర్వాత కూడా ఏళ్ల తరబడి రాస్తానే ఉన్నాడు. నేను ఆ కుర్రోడి గీతలు ఫోటోల్లో చూసినా తమ్ముడూ, కడుపు మండిపోయింది. మీ సీమలో కూడా ఇట్లాంటి జంట ఒకటి పెట్టు, మాట చెప్పేవాడు, ఆ మాట నమ్మి పోయేవాడు.

ఇంక నేను నిజంగా చెప్పాలనుకున్న సంగతికి వస్తా, అది మన తిరుపతి గంగమ్మ జాతర. నేను పుట్టింది పెరిగింది తాతయ్యగుంట పక్క సందులో, మే నెల వస్తే ఆ వారం మా ఇల్లు ఇల్లు మాదిరి ఉండేది కాదు. కథ నీకూ తెలిసిందే, ఊళ్లో ఆడబిడ్డల్ని చెరిచే పాలెగాడు, వాణ్ణి చంపను పుట్టిన అమ్మ, వాడు భయపడి దాక్కుంటే వేషాలు మార్చి మార్చి వెతకడం. చాటింపు అయినాక ఊరు దాటకూడదు అంటారు. బైరాగి వేషం రోజు ఒళ్లంతా తెల్ల సుద్ద, బండ వేషం రోజు ఎర్ర కుంకం, నోటికొచ్చిన బూతులు, ఎదురుగా ఎవరున్నా సరే తిట్టుకుంటా పోతారు, ఎవరూ తప్పు పట్టుకోరు. తోటి వేషం రోజు బొగ్గు పూసుకుంటారు. నాలుగోది దొర వేషం, ఆ రోజు పాలెగాడి తల తెగుతుంది. ఇంతవరకూ చూస్తే మన తిరుపతే రాపిడిసీమ అనుకోవచ్చు, ఒక ఊరు ఊరంతా కోపాన్ని ఒంటికి పూసుకుని తిరగతాంది కదా.

కానీ తల తెగిన మర్నాడు ఏముందో గుర్తు తెచ్చుకో. మాతంగి వేషం. మా అవ్వ చెప్పే కథలో మాతంగి అంటే, పాలెగాడి పెళ్లాం దగ్గరికి పోయిన అమ్మ. చంపినామే పోయి ఓదార్చి వస్తుంది. నాకప్పుడు తొమ్మిదో పదో ఏళ్లు, చెడ్డోడి పెళ్లాంతో అమ్మకి ఏం పని అవ్వా అని అడిగినా. అవ్వ పూలు కడతా కడతా, వాడు చెడ్డోడు సరే, దాని పసుపు కుంకం పోలేదా, అది ఎవరికి చెప్పుకోవాల అనింది. అదే మాట ఇప్పటికీ నా చెవిలో ఉంది. ఏడు రోజుల జాతరలో ఒక రోజు మొత్తం దానికి పెట్టినారు మనోళ్లు. ఆఖర్న గుడి ముందర మట్టితో చేసిన విశ్వరూపం చెంప నరికితే ఆ మట్టి కోసం జనం తోసుకుంటారు, అవ్వ ఒక చిన్న పెళ్ల తెచ్చి బియ్యం డబ్బాలో వేసేది, దాంతో అయిపోయేది. బండ వేషంలో వీధంతా తిట్టిన అబ్బోడు ఆ పొద్దుకి స్నానం చేసి పెద్దోళ్లకి దండం పెట్టి అంగడి తెరుచుకునేవాడు.

చిత్తూరు పక్క ధర్మరాజుల గుళ్లల్లో భారతం చూసినావు కదా, పగలు హరికథ, రాత్రి వీధినాటకం, అర్జునుడు అంత పొడుగు తపస్సు మాను ఎక్కడం. దుర్యోధన వధ రోజు నేల మీద మట్టితో అంత పెద్ద దుర్యోధనుణ్ణి పడుకోబెట్టి ఆట ఆడతారు, వాడు పడినాక ద్రౌపది జుట్టు ముడేసుకుంటుంది. సాయంత్రం నిప్పులగుండం, మర్నాడు ధర్మరాజు పట్టాభిషేకం. ఊళ్లోళ్లు అన్ని రోజులు కాచుకునేది ఆ ముడి కోసమే. ఇప్పుడు మీ రాపిడిసీమ సిద్ధాంతం పట్టుకుని ఆ ఆటలోకి పో తమ్ముడూ. రాపిడి ఆగితే లోకం ఆరిపోతుంది కాబట్టి ద్రౌపది జుట్టు ఎప్పటికీ ముడి పడకూడదు. దుర్యోధనుడు పడినాక ఇంకో దుర్యోధనుణ్ణి వెతకాలి, లేకపోతే చెయ్యాలి. నీ సిద్ధాంతంలో భయం పుట్టించేది కత్తులు కాదు, ఆ విరబోసుకున్న జుట్టు. ఆమె చెయ్యి నొప్పెట్టి ముడేసుకుందామనుకుంటే సానరాళ్లు వచ్చి వద్దు అంటారు చూడు, ఆ సీన్ రాయి. ఆ ఒక్క సీన్ చదివితే నవ్వినోళ్లు నవ్వు ఆపుతారు, నమ్మినోడు కూడా ఒక నిమిషం ఆగుతాడు.

బయట శత్రువు అయిపోయినాక ఏమవుతుంది అనేది కూడా నీ పుస్తకంలో లేదు. మహాభారతంలో ఉంది, కురుక్షేత్రం అయిన 36 ఏళ్లకి యాదవులు తాగి ఒకరినొకరు తుంగపుల్లలతో కొట్టుకుని చచ్చినారు. అంత దూరం వద్దనుకుంటే చంద్రగిరి కోటకి పో, బస్సులో ఎంతసేపు. 1614లో విజయనగర రాజు వెంకటపతి రాయలు పోయినాక గద్దె కోసం సొంత మనుషులే కొట్టుకున్నారు, కొత్త రాజుని కుటుంబంతో సహా వేలూరు కోటలో పెట్టి చంపేసినారు, ఒక్క పిల్లోణ్ణి, రామదేవుణ్ణి, వెలుగోటి యాచమ నాయుడు తప్పించి కాపాడినాడు. దాని మీద మళ్లీ పెద్ద యుద్ధం. ఆ దెబ్బ నుంచి ఆ రాజ్యం తేరుకోనే లేదు. ఆ కోటలో రాజమహల్ ముందర నిలబడితే నాకు ఎప్పుడూ ఆ తప్పించిన పిల్లోడే గుర్తొస్తాడు.

ఇంకో చిన్న సంగతి, సంధి అనేది బూతు అన్నావు కదా, మరి ఉప్పు ఎట్లా కొంటారు? అంగట్లో బేరం కుదరడం కూడా సంధే. కాన్పు అయ్యే రోజు మొగుడూ పెళ్లాం కొట్లాడుకుంటా కూర్చోరు. కురుక్షేత్రంలో కూడా పొద్దు గూకితే ఆపాలని నియమం పెట్టుకున్నారు, పద్నాలుగో రోజు రాత్రి అది తప్పినారు, ఘటోత్కచుడు పోయింది ఆ రాత్రే. కాబట్టి మీ వాళ్లు కూడా ఆపుతారు, ఆ మాట అనలేక వేరే పేరు పెట్టుకునుంటారు, కత్తికి నూనె పూసే పొద్దు అనో, చెయ్యి మార్చుకోవడం అనో. ఆ పేర్లు నువ్వే పుట్టించు, ఒక జాతి తన దగ్గర తానే ఏం దాచుకుంటుందో అట్లాంటి మాటల్లోనే తెలుస్తుంది.

ఇంక సీరియస్ అయిన ఆ ఫ్రెండు. వాణ్ణి తిట్టొద్దు, వాడితో వాదం కూడా పెట్టుకోవద్దు, వాదం పెట్టుకుంటే వాడి సిద్ధాంతం గెలిచినట్టే. పిలిచి టీ తాగించి, ఏమైందిరా అని అడుగు. ఈ వయసులో పోట్లాటే గొప్ప అనిపించిందంటే ఎక్కడో ఏదో ఓడిపోయి ఉంటాడు, చెప్పుకోను చోటు దొరికి ఉండదు, నీ పుస్తకం వాడి కోపానికి ఒక గౌరవం ఇచ్చింది. అది నీ రాతలో ఉన్న బలం, దాన్ని తక్కువగా చూడొద్దు. కానీ బలం ఉన్నప్పుడు బాధ్యత కూడా ఉంటుంది తమ్ముడూ, నువ్వు రాసిన మాట పట్టుకుని ఒక పిల్లోడు రోడ్డు మీద తిరగతాండాడు.

ప్రశ్న: అక్కా, మాది చిత్తూరు. మా వాడు తొమ్మిదో తరగతి. ముగ్గురు ఫ్రెండ్సుతో కూర్చుని పాచికలేసి ఏదో కథ ఆట ఆడతాడు, ఒకడు కథ చెప్తాడు, మిగతావాళ్లు పాత్రలు. మా వాడి పాత్ర ఏదో యుద్ధాల తెగంట. నోట్‌బుక్ అట్ట మీద 'శాంతి అంటే పిరికోళ్ల మాట' అని పెద్దగా రాసుకున్నాడు. వాళ్ల నాయన చూసి చించేస్తానంటున్నాడు. పోయిన సంచికలో ఆ అబ్బాయి ప్రశ్న చదివినాక నాకు ఇంకా భయమైంది. ఆపించాలా?

జవాబు: వదినా, చించనీయద్దు. చించితే అట్ట మీద రాసుకున్న మాట నిజమైపోతుంది, చూసినావా, బలమున్నోడు చించినాడు అని. అట్లాంటి ఆట మొదట అచ్చయింది 1974లో, అమెరికాలో. ఆ తర్వాత పదేళ్లకి అక్కడ తల్లిదండ్రులు కూడా నీ మాదిరే భయపడినారు, పిల్లోళ్లు చెడిపోతారు, చచ్చిపోతారు అని పెద్ద గోల. ఆ ఆట పిల్లల్ని చెడగొట్టిందని పరిశోధనల్లో తేల్లేదు. అప్పుడు ఆడిన పిల్లోళ్లు పెద్దోళ్లయి ఇప్పుడు వాళ్ల పిల్లల్తో కూర్చుని ఆడతాండారు.

నువ్వు చూడాల్సింది అట్ట కాదు, ఆట. పక్కన కూర్చుని ఒక గంట చూడు, టీ ఇచ్చే నెపంతో. ఓడిపోతే ఏం చేస్తాడు? ఎదుటోడి వంతు వచ్చేదాకా ఆగతాడా? పాచిక చెడ్డగా పడితే నవ్వతాడా, విసిరేస్తాడా? పోట్లాట ఆడుకోను ఒక వంతు, ఒక నియమం, నలుగురు మనుషులు ఉంటే అది మన ఊళ్లల్లో పిల్లోళ్లు కబడ్డీ ఆడినట్టే. ఆట అయినాక కూడా ఆ పాత్ర ఒంట్లోంచి దిగకపోతే, చెల్లెల్ని కొట్టడం, బడిలో చిన్నోళ్ల మీద పడటం ఇట్లాంటివి కనపడితే, అప్పుడు మాట్లాడాలి, ఆట గురించి కాదు, వాడి గురించి. బడిలో వాణ్ణి ఎవరన్నా ఏడిపిస్తాండారేమో కూడా కనుక్కో. పిరికోళ్లు అనే మాట పిల్లోళ్లు ఊరికే రాసుకోరు, ఎవరో వాణ్ణి అనింటారు.

ఇంకొకటి చెప్తా, నాకు పనిచేసింది. మీ పక్క ఊళ్లో భారతం పెట్టినప్పుడు రాత్రి నాటకానికి వాణ్ణి తీసుకుపో. తెల్లార్లూ కూర్చోబెట్టు. కర్ణుడు పడినప్పుడు ముసలోళ్లు కళ్లు తుడుచుకుంటారు చూడు, ఎదుటి పక్షం వీరుడు పడితే కూడా ఏడ్చే జనం మధ్య వాడు ఒక రాత్రి కూర్చోవాలి.

ప్రశ్న: పలమనేరు నుంచి. రాపిడిసీమ అనే పేరు బాగుంది. ఫాంటసీ రాసేవాళ్లు పేర్లన్నీ సంస్కృతమో, ఇంగ్లీషు మాదిరో ఎందుకు పెడతారు? పోట్లాటకి తెలుగులో ఇంకేం మాటలున్నాయి?

జవాబు: బోలెడు. కయ్యం, జగడం, తగువు, కొట్లాట, పోరు, పెనుగులాట, ఎవరి బరువు వాళ్లది. తగువు ఇంటిది, జగడం వీధిది, పోరు ఊరిది, నాకు అట్లా వినపడుతుంది. రచ్చ అనే మాట భలేది, ఇప్పుడు గొడవ అనే అర్థంలో వాడతాండారు కానీ పాతకాలంలో అది నలుగురూ కూడే చోటు, రచ్చబండ అదే, ఇంట గెలిచి రచ్చ గెలువు అనేదాంట్లో ఉండేది కూడా అదే. గొడవ తీర్చే చోటు పేరే గొడవ పేరయింది. ఇంక కయ్యానికైనా వియ్యానికైనా సమవుజ్జీ కావాలనే సామెత ఉంది కదా, దాన్ని రాపిడిసీమ పెళ్లిలో వాడుకోవచ్చు తమ్ముడు. నారదుణ్ణి కలహభోజనుడు అంటారు, ఆ మాట తెచ్చి ఒక సానరాయికి పేరు పెడితే అర్థం వెంటనే అందుతుంది.

ప్రశ్న: నేను పుత్తూరులో ఉంటా, ముప్పై ఏళ్లు టీచరుగా చేసి రిటైరైనా. నాకు ఆ అబ్బాయి రాపిడిసీమ మీద కోపం లేదు, ఇంకా గౌరవమే. శాంతి శాంతి అని చెప్పేది ఎప్పుడూ కడుపు నిండినోళ్లే. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో ఆడోళ్లు సారా అంగడి మీదికి పోయినప్పుడు వాళ్లకి ఎంతమంది బుద్ధులు చెప్పలేదు, గొడవెందుకమ్మా, సర్దుకోండి అని. సర్దుకోలేదు కాబట్టే 1993 అక్టోబరు 1న సారా నిషేధం వచ్చింది. నేను అప్పుడు చిన్న ఊళ్లో పనిచేసేదాన్ని, జీతం రోజు మా బళ్లో పిల్లోళ్ల తల్లుల ముఖాలు ఎట్లుండేవో నాకు తెలుసు, సారా పోయినాక ఎట్లున్నాయో కూడా తెలుసు. పొందు నష్టం, పోరు లాభం అనేది వాళ్ల విషయంలో అక్షరాలా నిజం. ఇంకొకటి అడుగుతా, అన్నీ సర్దుకుపోయి అందరూ పోరాడటం మర్చిపోతే, మళ్లీ అవసరమైన రోజు ఎవరు లేస్తారు?

జవాబు: అమ్మా, నీ ఉత్తరం మూడు రోజులు నా టేబుల్ మీద పెట్టుకుని తిరిగినా. నువ్వు చెప్పిన దాంట్లో ఒక్క మాట కూడా కొట్టేయలేను. రాత్రి బడుల్లో అక్షరాలు దిద్దుకుంటా మొదలుపెట్టిన ఆడోళ్లు చీపుర్లు, కారంపొడి పట్టుకుని అంగళ్ల ముందర కూర్చున్నారు, దూబగుంట రోశమ్మ పేరు రాష్ట్రమంతా తెలిసింది. పోరు నష్టం అనే సామెత వాళ్లకి వినిపించిన వాళ్లు అప్పట్లో చాలామంది, ఆ వినిపించినోళ్లల్లో సారా వేలంపాటలు పాడుకున్న కాంట్రాక్టర్లు కూడా ఉండే ఉంటారు. ఆ సామెతని ఎవరు ఎవరికి చెప్తాండారు అనేది నేను కూడా ఇన్నాళ్లూ ఆలోచించలేదు, అది నా తప్పు.

ఐనా ఒక తేడా నాకు కనపడతాంది, తప్పైతే మళ్లీ రాయి. ఆ ఆడోళ్లని ఎప్పుడు ఇంటికి పోతారమ్మా అని అడిగింటే, అంగడి మూసిన రోజు అని చెప్పేవాళ్లు. వాళ్లకి కావాల్సింది పోరాటం కాదు, మొగుడు తిన్నగా ఇంటికి రావడం, కూలి డబ్బులు కుండలోకి రావడం. రాపిడిసీమోణ్ణి అదే ప్రశ్న అడిగితే వాడి దగ్గర తారీఖు లేదు, వాడికి పోరే ఇల్లు. నాకు భయం దాని గురించి.

కానీ నీ చివరి ప్రశ్న, మర్చిపోతే ఎవరు లేస్తారు అనేది, దానికి నా దగ్గర పూర్తి జవాబు లేదమ్మా. 1995 జనవరిలో మద్యం మొత్తం ఆపినారు, 1997లో మళ్లీ తెరిచినారు, అంటే గెలిచినాక ఇంటికి పోయినోళ్లు ఇంట్లో ఉండగానే కొంత జారిపోయింది, సారా మీద నిషేధం ఒక్కటి మిగిలింది. నువ్వు చెప్పేది ఇదే కదా. మన జాతరలు, భారతాలు ఏడాదికోసారి ఆ కోపాన్ని బయటికి తీసి, దుమ్ము దులిపి, మళ్లీ లోపల పెట్టుకోను పనికొస్తాయేమో అని నాకు అనిపిస్తుంది, బండ వేషంలో తిట్టడం నేర్చుకున్న నోరు అవసరమైన రోజు మూగపోదు. అంతకన్నా గట్టిగా చెప్పలేను.

బైరాగిపట్టెడ తమ్ముడూ, ఈ టీచరమ్మ ఉత్తరం జెరాక్స్ తీసి నీకు పోస్టులో పంపతాండా. మీ పెద్ద సానరాయి ఎవరైతే ఉన్నాడో, వాడు ఈమె మాదిరి మాట్లాడాలి, ఇంత నిజాయితీగా, ఇంత చూసినట్టు, సారా పోయినాక తల్లుల ముఖాలు గుర్తుపెట్టుకున్నట్టు. అప్పుడు వాడికి ఎదురుగా నిలబడి జవాబు చెప్పేది ఎవరో నువ్వే వెతుక్కోవాలి. ఏటి గట్టున బట్టలు ఉతికే ఆమె అయితే బాగుండు అని నాకుంది. జాతర చాటింపు లోపల ఆ అధ్యాయం రాసి పంపు, ఎంత పొడుగున్నా చదువుతా.